కార్డులో లేని అత్త

మా అత్త నన్ను తిడుతూ ఉండగానే ఆమె మూతి పక్కకి జారిపోయింది. జబ్బు మా ఇంట్లోకి వచ్చిన తీరు అది.

ఆదివారం పొద్దున్న. బెంగాలీవాళ్ళ మధ్య ఉన్న ఈ రైల్వే ఊళ్ళో, పూరీ గేట్ దగ్గర మా క్వార్టర్ వెనకాల కుళాయి కింద నేను చేపలు తోముతున్నాను. అత్త గుమ్మంలో పీట మీద కూర్చుని టీ తాగుతోంది.

"ఏటే, ఆ సేపల్ని తోమతన్నావా, జోల పాడతన్నావా? పొలుసంతా అలగే ఉన్నాది. మీ అమ్మ నీకు ఏటీ నేర్పనేదు."

నేను తలెత్తలేదు. జవాబిస్తే గంట, ఇవ్వకపోతే అరగంట. అది నాకు అలవాటే. ఆమె మళ్ళీ ఏదో మొదలుపెట్టింది. ఈసారి వచ్చింది మాట కాదు, నోట్లో ముద్ద పెట్టుకుని మాట్లాడితే వచ్చే చప్పుడు. నన్ను వెక్కిరిస్తోందనుకుని కోపంగా తిరిగి చూశాను. మూతి కుడి వైపుకి లాగేసి ఉంది. ఎడమ చేతిలో గ్లాసు ఒరిగిపోయి వేడి టీ తొడ మీద కారుతోంది. ఆమె కాలు కదపలేదు. కాలుతోందన్న సంగతే ఆమెకి తెలియడం లేదు.

పక్క క్వార్టర్ మీరా దీదీని కేకేశాను. ఇద్దరం కలిసి ఎత్తి రిక్షాలో వేసి రైల్వే ఆస్పత్రికి తీసుకుపోయాం. దారంతా ఆమె కుడి చేత్తో నా చెయ్యి తోసేస్తూనే ఉంది.

డ్యూటీలో డాక్టర్ సేన్ అని ఒకాయన ఉన్నాడు. తాళంచెవి తీసుకుని అత్త అరికాలు గీకాడు. చెయ్యి ఎత్తి వదిలాడు. అది బస్తాలా పడింది.

"స్ట్రోక్. రైట్ బ్రెయిన్. అందుకే లెఫ్ట్ సైడ్ హెమిప్లీజియా, ఎడమ పక్కంతా పడిపోయింది. బీపీ చూశావా ఎంతుందో? మందులు ఎప్పుడు మానేసింది?"

మా ఆయన అప్పారావు వర్క్‌షాపులో ఫిట్టరు. ఆయన ఉన్నప్పుడు తల్లి బీపీ మాత్రలు ఆయనే తన మెడికల్ కార్డు మీద తెచ్చేవాడు. జాండిస్ ముదిరి ఆయన పోయాక ఆ కార్డు రద్దయింది. మాత్రలూ ఆగాయి. నన్ను అడగడం అత్తకి నామోషీ. బాగున్నానే అంది, ఊరుకుంది. మాత్రలు లేకుండా రెండేళ్ళు గడిపేసింది.

మా ఇద్దరికీ ఎందుకు పడదో ఇక్కడే చెప్పేస్తాను, లేకపోతే తర్వాతది అర్థం కాదు. ఆయన పోయాక రైల్వే ఒక ఉద్యోగం ఇస్తుంది. దాన్ని కంపాషనేట్ గ్రౌండ్ అంటారు. నేను తెలుగు స్కూల్లో మెట్రిక్ దాకా చదివాను. మాకు పిల్లలు లేరు. ఆ ఉద్యోగం చిన్నకొడుకు సత్యానికి ఇవ్వాలని అత్త పట్టుబట్టింది. సత్యానికి ఖరిదా బజార్లో కిరాణా కొట్టుంది. అయినా ఆమె ఆఫీసుకి వెళ్ళి, అందరూ వినేలా, "దానికిస్తే రేపు ఎవడ్నో కట్టుకొని పోతాది. మా బతుకు ఏటవుద్ది?" అంది. రూలు ప్రకారం ముందు భార్యకే ఇస్తారు కాబట్టి నాకు క్లర్కు ఉద్యోగం వచ్చింది. చనిపోయినవాడి మీద ఆధారపడ్డవాళ్ళని నేను చూసుకుంటానని సంతకం పెట్టించుకున్నారు. అంటే అత్తని. సత్యం తల్లిని తీసుకుపోతానని ఒక్కసారీ అనలేదు. ఆమె కూడా కదలలేదు. "ఇది నా కొడుకు క్వార్టర్. నానెందుకు ఎల్తాను?" అంది. అలా ఒక కప్పు కింద ఇద్దరం ఉండిపోయాం, ఒకరి ముఖం ఒకరం చూడకుండా.

ఎమర్జెన్సీ కాబట్టి ఆస్పత్రిలో చేర్చుకున్నారు. కొన్నాళ్ళకి ప్రాణభయం తప్పిందన్నారు. మాట కూడా నెమ్మదిగా తిరిగి వచ్చింది, కొంచెం ముద్దగా. మొదట అన్న మాట నర్సుతో. "ఆ గుంటని నా కాడికి రానీకు." ఆ గుంట నేను.

ఆ మర్నాడే వార్డు గుమస్తా నా కార్డు అడిగాడు. తిప్పి చూశాడు. అందులో నా పేరొక్కటే ఉంది.

"పేషెంట్ పేరేది?"

"ఆమె మా అత్త. నా దగ్గరే ఉంటాది."

"దగ్గర ఉండటం కాదమ్మా. కార్డులో ఉండాల. పేరు లేకపోతే బయటి పేషెంటే. బయటి పేషెంటుకి మంచం ఎన్నాళ్ళని ఇస్తారు?"

అప్పటిదాకా మంచం మీద ఉన్న మనిషి ఒక్క మాటతో బయటి మనిషి అయిపోయింది. యూరిన్ కేథటర్‌తో, మూత్రం సంచితో, ఒక చీటీతో ఇంటికి పంపేశారు. వెళ్ళేముందు డాక్టర్ సేన్ నన్ను ఆపాడు. ఆయన మాటల్లో జాలి ఎప్పుడూ ఉండదు.

"ఫిజియోథెరపీ రోజూ కావాలి. మొదటి కొన్ని నెలల్లో ఎంత తిరిగి వస్తే అంతే. తర్వాత రాదు. అటూ ఇటూ పక్కకి తిప్పుతూ ఉండు, లేకపోతే బెడ్ సోర్ వస్తుంది. కార్డు సంగతి చూసుకో."

"మీరు ఒక మాట రాసిస్తే..."

"నేను జబ్బు గురించి రాస్తాను. ఎవరు ఎవరికి ఏమవుతారో నేను రాయను."

జిల్లా ఆస్పత్రికి రోజూ తీసుకుపోవచ్చు కదా అని సలహా ఇచ్చినవాళ్ళు ఉన్నారు. నడవలేని మనిషిని, మూత్రం సంచితో, రోజూ రైలెక్కించి దించి చూడమని వాళ్ళతో అన్నాను. ఆ తర్వాత వాళ్ళు సలహాలు మానుకున్నారు.

ఇంట్లో ఉన్న రోజుల గురించి ఎవరూ పూర్తిగా రాయరు. నేనూ పూర్తిగా రాయను. పొద్దున్నే ఆమెని తుడిచి, బట్ట మార్చి, గంజి పట్టి, పక్కకి ఒత్తిగిలించి ఆఫీసుకి పోయేదాన్ని. మధ్యాహ్నం మీరా దీదీ వచ్చి రెండో పక్కకి తిప్పేది. సాయంత్రం నేను వచ్చేసరికి గది వాసన. అత్త గంజి ఉమ్మేది. కుడి చెయ్యి బాగానే ఉంది కాబట్టి గిన్నె విసిరేది. ఒకరోజు గిన్నె నా కనుబొమ్మకి తగిలింది. నేను కూడా ఊరుకోలేదు.

"విసురు. ఇంకో గిన్నె ఉంది, అదీ విసురు. తర్వాత ఆకలితో పడుకో."

"పడుకుంటాను. నీ సేతి కూడు తినీ కన్నా అదే నయం."

ఆ పూట ఆమె నిజంగానే తినలేదు. నేనూ తినలేదు.

సత్యం వారానికోసారి బత్తాయిలు పట్టుకుని వచ్చేవాడు. తల్లి కాళ్ళ దగ్గర కూర్చుని ఏడ్చేవాడు. "అమ్మా, ఎలగైపోనావే" అనేవాడు. ఆమె కుడి చెయ్యి వాడి తల మీద ఉండేది. ఒక్కసారైనా ఆమెని పక్కకి తిప్పలేదు. సంచి నిండిందేమో చూడలేదు. వాడు పోయాక బత్తాయిల రసం తీసి పట్టాల్సింది నేను.

నేను ఉద్యోగుల కాగితాలు చూసే పర్సనల్ బ్రాంచికి దరఖాస్తు పట్టుకుని వెళ్ళాను. ఆ సీటులో మైతీబాబు ఉండేవాడు. పుట్టింది, పెరిగింది ఈ ఊళ్ళోనే, తెలుగు మనకంటే బాగా వచ్చు. కానీ లేదని చెప్పాలంటే మాత్రం బెంగాలీలోకి పోతాడు.

"శాశుడీ హోబే నా, దీదీ. మా హోలే హోతో."

అంటే అత్తకి కుదరదు, అమ్మ అయితే కుదిరేదట. విధవరాలైన తల్లికి కార్డు ఉంది, పెళ్ళికాని చెల్లెలికి ఉంది. అత్త అన్న మాటే రూల్లో లేదు.

"ఉద్యోగం ఇచ్చినప్పుడు ఆమెని చూసుకుంటానని నా చేత సంతకం పెట్టించుకున్నారు కదా, దాదా?"

"చూసుకోవడం వేరు. కార్డు వేరు."

"అంటే నేను చూసుకోవాలి, రైల్వే చూసుకోదు."

"ఇప్పుడు సరిగ్గా అర్థమైంది నీకు," అన్నాడు తెలుగులో, మెచ్చుకున్నట్టు.

ఆ మెప్పుకి నాకు ఒళ్ళు మండింది. దరఖాస్తు బల్ల మీద పెట్టి, తీసుకున్నట్టు ముద్ర వేసి ఇచ్చేదాకా కదలనన్నాను. వెనక క్యూలో వాళ్ళు గొణిగారు. చివరికి విసుక్కుంటూ ముద్ర గుద్దాడు. "ఇన్‌స్పెక్టర్ వస్తాడు. ఇంటికి. ఆమె నీ మీదే పూర్తిగా ఆధారపడిందని ఆయన రాస్తే అప్పుడు పైకి పంపుతాను. అవుతుందని నేననలేదు."

ఆ ఇన్‌స్పెక్టర్ కోసం నెలల తరబడి ఎదురు చూశాను. ఈలోగా మడమ మీద, నడుము కింద చర్మం ఎర్రబడింది. తర్వాత నల్లబడింది. తర్వాత పగిలింది. ఎడమ చెయ్యి ఛాతీకి ముడుచుకుపోయింది. నేను వేళ్ళు విప్పదీస్తుంటే అరిచేది. డాక్టరు చెప్పిన నెలలు ఒక్కొక్కటే దాటిపోతున్నాయని నాకు తెలుస్తూనే ఉంది.

వెల్ఫేర్ ఇన్‌స్పెక్టర్ వచ్చాడు. మంచి బట్టలు, చేతిలో ఫైలు. గది గుమ్మం దాటి రాలేదు, ముక్కుకి రుమాలు అడ్డం పెట్టుకున్నాడు. నేను ముందే అత్తకి చెప్పి ఉంచాను. "ఎవరు చూస్తున్నారని అడుగుతాడు. ఉన్నమాట చెప్పు, చాలు." ఆమె గోడవైపు ముఖం తిప్పుకుంది. అది ఒప్పుకోవడమో కాదో నాకు తెలియలేదు.

ఇన్‌స్పెక్టర్ హిందీలో అడిగాడు. "మాతాజీ, మిమ్మల్ని ఎవరు పోషిస్తున్నారు?"

అత్త అతన్ని చూసింది, నన్ను చూసింది.

"మేరా బేటా," అంది స్పష్టంగా.

అతను రాసుకున్నాడు. నేను ముందుకు వచ్చి "కాదు సాబ్, ఆమె చెప్పేది..." అంటుంటే చెయ్యి అడ్డం పెట్టాడు. "పేషెంట్ స్టేట్‌మెంట్ కావాలి నాకు. నీది కాదు." ఫైలు మూసుకుని వెళ్ళిపోయాడు. కొడుకు ఉన్నాడు, బజార్లో కొట్టు ఉంది, కొడుకే పోషిస్తున్నాడని తల్లే చెప్పింది. దరఖాస్తు తోసేశారు. మైతీబాబు ఆ సంగతి చెప్పేటప్పుడు నా ముఖం చూడలేదు. అదొక్కటే మర్యాద.

ఆ సాయంత్రం నేను ఇంటికి వచ్చి చెప్పులు కూడా విప్పలేదు.

"ఏ కొడుకు? చెప్పు. ఏ కొడుకు పోషిస్తున్నాడు నిన్ను? బత్తాయిలు తెచ్చే కొడుకా? నీ పుండు కడిగింది వాడా? నీ గుడ్డలు ఉతికింది వాడా?"

వీధిలో వాళ్ళు వినాలని కూడా అరిచాను. మీరా దీదీ గుమ్మం దాకా వచ్చి ఆగిపోయింది.

అత్త తడబడలేదు. "ఎందుకే అలగ అరుస్తావు? సత్యంగాడి మాట ఎవులన్నారు? నన్ను పోసించీవోడు ఒక్కడే, నా పెద్దోడు. ఆడు సచ్చిపోయినా ఆడి ఉద్యోగం నడస్తన్నాది. ఆ జీతం ఆడిది. ఆ కుర్సీ ఆడిది. నువ్వు కూకున్నావు, అంతే. నాను నా కొడుకు కూడు తింతన్నాను. నీది కాదు."

నాకు ఆ క్షణంలో ఆమెని ఆ మంచం మీదే వదిలేసి పోవాలనిపించింది. అంతకు మించిన ఆలోచనలు కూడా వచ్చాయి. చెప్పులతోనే బయటికి వచ్చి కుళాయి దగ్గర ముఖం కడుక్కుంటూ నిలబడ్డాను. నీళ్ళు అలా కారుతూ ఉంటే ఒక సంగతి తట్టింది. ఆమె అన్నది నన్ను దెప్పడానికే. కానీ తప్పు కాదు. ఆ ఉద్యోగం నాకు ఆయన పోయినందుకే వచ్చింది. ఆయన కార్డులో ఆమె పేరు ఉండేది. ఆమె నాకు అత్త అన్నది వాళ్ళకి అనవసరం. ఆమె ఆయనకి తల్లి. నేను ఇన్నాళ్ళూ వాళ్ళని తప్పు మాటతో అడుగుతున్నాను.

రెండో దరఖాస్తు ఆ మాట మీదే రాశాను. మైతీబాబు చదివి మొదటిసారి కొంచెంసేపు ఆలోచించాడు. "బాగుంది. కానీ బతికున్న కొడుకు ఆమెని పోషించడం లేదని అతనే రాసివ్వాలి," అన్నాడు.

ఖరిదా బజారుకి వెళ్ళాను. కొట్లో నలుగురైదుగురు బేరాలవాళ్ళు ఉన్నారు. సత్యం పప్పు తూస్తున్నాడు. విషయం చెప్పగానే తక్కెడ ఆపేశాడు.

"వదినా, నువ్వు నన్ను ఏటి సెయ్యమంతన్నావో నీకు తెలస్తన్నాదా? అమ్మని నాను సూడటం లేదని కాయితం మీద రాసిస్తే ఈ బజార్లో నా ముఖం ఏటవుద్ది?"

"చూస్తున్నావా మరి?"

"సూడటం అంటే... వస్తన్నాను కదా."

"సరే. అయితే రాయొద్దు. రేపు పొద్దున్న రిక్షాలో ఇక్కడికి తెస్తాను. పై గదిలో మంచం వెయ్యి. మూత్రం సంచి పొద్దున ఒకసారి, సాయంత్రం ఒకసారి పారబొయ్యాలి. నడుము కింద పుండు ఉంది, వేలు దూరేటంత. అది కడగాలి. నీ చేత్తో."

పప్పు కొనడానికి వచ్చిన ముసలాయన సత్యం వంక చూశాడు. సత్యం నా వంక చూశాడు, చంపేసేలా. లోపలి నుంచి అతని భార్య వచ్చింది. ఆమె నాతో ఎప్పుడూ మాట్లాడదు. అప్పుడూ నాతో మాట్లాడలేదు. మొగుడితో, "రాసిచ్చీండి," అంది. "నా వల్ల కాదు. రాసిచ్చీండి."

సత్యం రాశాడు. కాగితం నా చేతికివ్వకుండా కౌంటరు మీద విసిరాడు. కింద పడితే వంగి తీసుకున్నాను. "ఇంక నా కొట్టుకి రాకు," అన్నాడు. నేను మళ్ళీ వెళ్ళలేదు.

కాగితాలు పైకి పోయాయి, పైన ఉండిపోయాయి. అత్తకి చలిజ్వరం మొదలైంది. పుండు నుంచి చీము. మళ్ళీ ఎమర్జెన్సీకి తీసుకుపోయాం. డాక్టర్ సేన్ కట్టు విప్పి చూసి నోట్లో ఏదో బూతు అనుకున్నాడు.

"సెప్సిస్ అయ్యేటట్టుంది, చీము రక్తంలోకి పాకుతోంది. ఐవీ యాంటీబయాటిక్ పెట్టాలి. డీబ్రైడ్‌మెంట్ చెయ్యాలి, అంటే చచ్చిన కండ కోసెయ్యాలి. ఎన్నాళ్ళు పడుతుందో చెప్పలేను. ఇంకా కార్డు కాలేదా?"

"మీరే చెప్పండి డాక్టర్‌గారూ, ఇంకేం చెయ్యాలో."

ఆయన చేతులు కడుక్కుంటూ, నా వైపు చూడకుండా అన్నాడు. "ఈ రెండు రోజులూ ఎమర్జెన్సీ కింద ఉంచుతాను. ఎల్లుండి పర్సనల్ ఆఫీసర్ ఇక్కడికి వస్తాడు, పెద్ద డాక్టర్‌తో కూర్చుని ఇలాంటి కేసులు చూస్తారు. నిన్ను రమ్మని నేను చెప్పడం లేదు. ఆయన వస్తాడని మాత్రం చెబుతున్నాను."

ఆయన వచ్చిన రోజు మా ఇద్దరి పేర్లూ ఎవరూ పిలవలేదు. అత్తని ట్రాలీ మీద వేసుకుని, నేనూ మీరా దీదీ తోసుకుంటూ ఆ గది గుమ్మంలో అడ్డంగా పెట్టాం. ప్యూను తియ్యమన్నాడు. తియ్యనన్నాను. లోపల ఆఫీసరు, తెల్లజుట్టు పెద్ద డాక్టరు, ఫైళ్ళు పట్టుకుని మైతీబాబు. ఆఫీసరు కొత్తగా వచ్చినవాడు, హిందీ మనిషి. విసుగ్గా చూసి, "సరే, తీసుకురండి," అన్నాడు.

ఫైలు తిరగేశాడు. "ఇక్కడ కొడుకు పోషిస్తున్నాడని ఉంది. అక్కడ పోషించడం లేదని ఉంది. ఏది నిజం?" తర్వాత అత్త వైపు వంగి, పసిపిల్లతో మాట్లాడినట్టు నిదానంగా అడిగాడు. "మాతాజీ, ఈ కోడలి దయ మీద బతుకుతున్నారా?"

దయ అన్న మాటకి అత్త కళ్ళు మారిపోయాయి. జ్వరంలో ఉంది, పెదవులు ఎండిపోయి ఉన్నాయి. అయినా తల ఎత్తింది.

"దయా? కిస్కా దయా?" అంది. ఆమె హిందీ బజారు హిందీ. "ఏ నౌక్రీ ఇస్కా నహీ, సాబ్. మేరా బేటాకా. హమ్ మేరా బేటాకా భాత్ ఖాతా. ఇస్కా భాత్ నహీ ఖాతా."

ఎవరి దయ, ఈ ఉద్యోగం దీనిది కాదు, నా కొడుకుది, నేను నా కొడుకు అన్నం తింటున్నాను, దీనిది కాదు అని. ఇంట్లో ఎన్నిసార్లు విన్నానో ఆ మాట. అందరి ముందూ వింటే అవమానంగా ఉంది. అయినా నోరు మెదపకుండా నిలబడ్డాను. ఆమె నన్ను కొడుతూనే నా పని చేసి పెడుతోంది.

పెద్ద డాక్టరు కళ్ళజోడు తీశాడు. "అడిగింది అదే కదా ఈ అమ్మాయి కూడా. ఈమె చచ్చిపోయిన మన మనిషికి తల్లి. అతను ఉన్నప్పుడు మన పేషెంటే. అతని బదులు ఈ అమ్మాయికి ఉద్యోగం ఇచ్చాం. తల్లిని మాత్రం వదిలేశాం."

ఆఫీసరు కలం తీశాడు, మళ్ళీ ఆగాడు. "కానీ రేపు ఈమె ఇంకో పెళ్ళి చేసుకుంటే? అప్పుడు ఈ ముసలామె ఎవరి డిపెండెంటు?" నా వైపు తిరిగాడు. "శాదీ కరోగీ క్యా?"

నాకు ముప్పై దాటి ఎంతో కాలేదు. గదిలో ముగ్గురు మగవాళ్ళు, గుమ్మంలో ప్యూను, బయట క్యూ. అందరూ నా జవాబు కోసం చూస్తున్నారు. ఆ ప్రశ్నకి అవునన్నా కాదన్నా నాకు దక్కేది సిగ్గే.

అత్త ట్రాలీ ఊచని కుడి చేత్తో టంగుమని కొట్టింది. ఈసారి హిందీ మర్చిపోయింది.

"ఏయ్ బాబూ! దాని పెళ్ళితో నీకేటి పని? సేసుకుంటాదో మానుకుంటాదో దాని ఇస్టం. నీ ఆడపిల్లని అలగ అడుగుతావేటి పదిమందిలో? నా మందుల మాట సెప్పు."

ఆఫీసరు మైతీబాబు వైపు చూశాడు. "ఏమంటోంది?"

మైతీబాబు గొంతు సవరించుకున్నాడు. "మందుల గురించి అడుగుతోంది సార్," అన్నాడు.

పెద్ద డాక్టరుకి ఈ ఊళ్ళో తెలుగు బాగానే అలవాటు. ఆయన నవ్వు ఆపుకుంటూ కిటికీ వైపు తిరిగాడు. ఆఫీసరు ఏం గ్రహించాడో గాని పెళ్ళి మాట మళ్ళీ ఎత్తలేదు. నేను సర్వీసులో ఉన్నంత కాలం చనిపోయిన ఉద్యోగి తల్లిగా ఆమెకి వైద్యం ఇవ్వవచ్చని, ప్రత్యేక కేసు అని, రాశాడు.

ట్రాలీ వార్డు వైపు తోసుకుపోయాం. ఏమైనా అనాలనిపించి, "అత్తా..." అన్నాను.

"ఏటి?" అంది కళ్ళు మూసుకునే. "సేసుకుంటే మాత్రం నా కొడుకు క్వార్టర్లో కాదు. సెప్తన్నాను."

ఆమె నన్ను కాపాడిందా, లేక నన్ను అనే హక్కు పరాయివాడికి ఇవ్వడం ఆమెకి గిట్టలేదా, నాకు ఈ రోజుకీ తేలలేదు. నేను అడగలేదు. అడిగినా తిట్టేది.

ఫిమేల్ వార్డులో కుదురుగా వైద్యం జరిగింది. చచ్చిన కండ కోసేశారు. రోజూ డ్రెస్సింగ్. వాటర్ బెడ్ ఇచ్చారు. పుండు లోపలి నుంచి ఎర్రగా పూడుతూ వచ్చింది. జ్వరం పూర్తిగా తగ్గాక ఫిజియోథెరపీకి తీసుకుపోయేవారు. ముందు కూర్చోబెట్టారు, తర్వాత రెండు కడ్డీల మధ్య నిలబెట్టారు. అత్త ఫిజియోథెరపీ అమ్మాయిని కూడా తిట్టేది. ఆ అమ్మాయి మలయాళీ, ఒక్క ముక్క అర్థమయ్యేది కాదు కాబట్టి ఇద్దరికీ బాగా కుదిరింది. కేథటర్ తీసేశారు. నాలుగు కాళ్ళ కర్రతో మంచం నుంచి బాత్రూం దాకా తనంతట తాను వెళ్ళిన రోజు ఆమె ఎవరి వైపూ చూడలేదు. నేనూ చూడనట్టే ఉన్నాను.

ఎడమ చెయ్యి మాత్రం రాలేదు. డాక్టర్ సేన్ ముడుచుకున్న వేళ్ళు లాగి చూసి, "లేట్ అయిపోయింది. మొదట్లోనే వస్తే పట్టుకోవడానికైనా పనికొచ్చేది," అన్నాడు.

"ఎవరు లేట్ చేశారు, డాక్టర్‌గారూ?" అన్నాను.

ఆయన ఆ చెయ్యి కిందికి దించి తర్వాతి మంచం దగ్గరికి వెళ్ళాడు. ఆ చెయ్యికి జవాబు చెప్పేవాళ్ళు ఆ ఊళ్ళో ఎవరూ లేరు. రూల్లో లేదన్నవాళ్ళు కాదు. స్టేట్‌మెంట్ రాసుకున్నవాళ్ళు కాదు. కాగితం పైన పెట్టుకుని కూర్చున్నవాళ్ళు కాదు. అందరూ తమ పని తాము సరిగ్గా చేసినవాళ్ళే. చెయ్యి మాత్రం పోయింది. ఆ కోపం నాకు ఇంకా ఉంది, దాచుకోను.

తర్వాత ఆమె ఇంకొన్నేళ్ళు బతికింది. ప్రతి ఏడాదీ డిపెండెంటు రుజువు మళ్ళీ పెట్టాలి. మళ్ళీ ఇన్‌స్పెక్టరు వచ్చేవాడు. ఈ ఏడాదిలో ఆమెకి ఆస్తి ఏమైనా వచ్చిందా అని అడిగేవాడు. "ఇంకా సావనేదు. అది రాసుకో," అనేది అత్త. బీపీ మాత్రలు నా కార్డు మీద వచ్చేవి. నేను చేతిలో పెట్టేదాన్ని, ఆమె మింగేది. మా ఇద్దరి మధ్య గొడవ పడకుండా జరిగే పని అదొక్కటే.

ఆఖరికి రెండో స్ట్రోక్ వచ్చింది. ఈసారి మాట పూర్తిగా పోయింది. ముక్కులోంచి రైల్స్ ట్యూబు వేసి పాలు పోసేవారు. అప్పుడు ఎవరూ కార్డు అడగలేదు, మంచం కోసం కొట్లాడలేదు. నేను పక్కన కూర్చునేదాన్ని. ఆమె నన్ను చూసేది, ఏమీ అనలేకపోయేది. ఆ నిశ్శబ్దం నాకు గిన్నె దెబ్బ కంటే కష్టంగా ఉండేది. శుభ్రమైన పక్క మీద, పుండ్లు లేకుండా పోయింది. సత్యం తలకొరివి పెట్టాడు, కర్మ బాగా చేశాడు. తల్లిని కళ్ళల్లో పెట్టుకుని చూశాడని ఖరిదా బజార్లో ఇప్పటికీ చెప్పుకుంటారు. చెప్పుకోనీ.

నేను ఇంకా అదే ఆఫీసులో పని చేస్తున్నాను. క్వార్టర్ వదిలేసి తాల్‌బగీచాలో చిన్న ఇల్లు తీసుకున్నాను. పెళ్ళి చేసుకోలేదు. అది ఎవరికో ఇచ్చిన మాట కాదు, అలా జరగలేదంతే. నాకూ బీపీ వచ్చింది, మాత్ర మానను.

ఇది చదివేవాళ్ళకి నేను చెప్పేది ఒక్కటే. ఇంట్లో అందరూ నడుస్తూ తిరుగుతూ ఉన్నప్పుడే కార్డులో పేర్లు ఎక్కించుకోండి. రూల్లో లేదంటే, లేదన్న మాట రాసివ్వమని అడగండి, దాని మీద పైకి రాయండి. ఆ కొట్లాటకి నెలలు పడతాయి. జబ్బు పడ్డాక ఆ నెలలు మీ చేతిలో ఉండవు.

మొన్న మా సెక్షన్‌లో ఒక కొత్త అమ్మాయి చేరింది. మొగుడు పోతే వచ్చిన ఉద్యోగమే. ఇంకా కుర్చీలో సరిగ్గా కూర్చోలేదు. చెయ్యి పట్టుకుని నేరుగా పర్సనల్ బ్రాంచి కిటికీ దగ్గరికి తీసుకుపోయాను. ఇంట్లో ఎవరెవరున్నారో చెప్పమన్నాను. కొడుకు పేరు చెప్పింది, కూతురి పేరు చెప్పింది, ఆగిపోయింది.

"ఇంకా?" అన్నాను.

తల వంచుకుని, "ఇంకెవులూ లేరక్కా. మా అత్తొకర్తి ఉన్నాది గానీ, ఆవిడికీ నాకూ పడదు," అంది.

"ఆవిడ పేరు ముందు చెప్పు," అన్నాను.